చెల్క అంచున పరికి కంప

సంక్రాంతికి పక్షం రోజుల ముందు జనగామ జిల్లా బచ్చన్నపేటలో పొద్దున్నే చలి ఇంకా వదలదు. బస్సులు ఆగే చోట, చాయ హోటల్ గోడ పక్కన, యూరియా సంచి పరుచుకుని ఓ అవ్వ కూర్చుంటుంది. ఆమె ముందు మూడు రకాల పండ్లు. ఒకటి నిగనిగలాడే పచ్చటి ఆపిల్ బేర్, ఎవరి తోటలోనో టోకున కొని తెచ్చింది. రెండోది ముడతలు పడి గోధుమ రంగుకు తిరిగిన నాటు రేగుపండు. మూడోదాన్ని కుప్ప అనడానికి కూడా లేదు. స్టీలు గిన్నె అడుగున నల్లగా మెరిసే చిన్న పండ్లు, బఠాణీ గింజంతవి.

బస్సు కోసం వచ్చిన పిల్లలు ఆపిల్ బేర్ దగ్గర ఆగుతారు. నలభై దాటిన వాళ్లు మాత్రం ఆ గిన్నె చూసి ఆగుతారు. "ఇవి పరికి పండ్లే కదనే అవ్వా!" అంటూ అడక్కుండానే రెండు నోట్లో వేసుకుంటారు. అవ్వ ఏమీ అనదు. "ఇంకా పెట్టవా?" అంటే మాత్రం చేతులు చూపిస్తుంది. మోచేతి దాకా గీసుకుపోయిన గాట్లు. "ఏడున్నయి బిడ్డా? కంపలన్నీ గుంజి పారేసిరి. గుట్ట మీదికి పోతే గిన్ని దొరికినయి."

ఏటా చలికాలం రాగానే ఈ నల్ల పండ్ల ఫొటోలు ఫోన్లలో తిరుగుతాయి. "ఇవేంటో చెప్పినవాళ్లు మన ఊరోళ్లే" అని ఒకరు పెడతారు, కింద వందల మంది తమ బడి దారులను తలుచుకుంటారు. ఆ తలపోతల్లో ఆనందం ఉంది. కానీ ఆ కంప ఇప్పుడు ఎక్కడుంది, ఎందుకు తగ్గింది, అది పోతే ఊరికి ఏం పోతుంది అన్న మాట మాత్రం అక్కడ రాదు. ఈ కథనం ఆ మాట గురించే.

గులాబీకి దూరపు చుట్టం

పరికిది గులాబీ కుటుంబం కాదు. ఆ కుటుంబంలో తీపి పండ్లు కాసే అసలు ముళ్ల కంపలు వేరే ఉన్నాయి. నగరాల్లో చిన్న ప్లాస్టిక్ డబ్బాల్లో అమ్మే రాస్బెర్రీ, బ్లాక్‌బెర్రీ ఆ జాతివే. శాస్త్రవేత్తలు వాటిని 'రూబస్' అంటారు. మన తెలుగు నేల మీద కూడా అవి లేకపోలేదు. తూర్పు కనుమల్లో, అరకు, పాడేరు వైపు ఎత్తైన చల్లటి కొండల్లో పసుపు పండ్లు కాసే అడవి కంపగా అక్కడక్కడా కనిపిస్తాయి. వాటికి పొగమంచు కావాలి, వేసవిలోనూ తేమ ఆరని నేల కావాలి. బచ్చన్నపేట ఎండకు అవి ఒక్క ఏప్రిల్ కూడా దాటవు.

జనగామ ఎర్ర చెల్కల మీద ఆ స్థానంలో నిలబడినవి రేగు జాతి కంపలు. గులాబీ కుటుంబం వేరు, రేగు కుటుంబం వేరు. అయితే ఈ రెంటినీ కలిపే పెద్ద గోత్రం ఒకటుంది, దాని పేరు రోసేలిస్, అంటే గులాబీల క్రమం. మర్రి, రావి, మేడి, పనస, మల్బరీ కూడా ఆ గోత్రంలోనివే. గుట్ట మీది పరికి, పెళ్లి మండపంలోని గులాబీ ఎక్కడో పాత కాలంలో ఒకే మూలం నుంచి చీలినవి.

రేగులో మన దగ్గర కనిపించేవి ముఖ్యంగా మూడు. చెట్టుగా పెరిగే రేగు అందరికీ తెలుసు. నేలకు అంటుకుని మోకాలెత్తు పొదగా ఉండేది నేల రేగు. మూడోది పరికి. కోస్తా వైపు కొందరు దాన్ని పరిమి అంటారు. లిన్నేయస్ 1753లోనే దాన్ని వర్ణించి పేరు పెట్టాడు. ఇప్పుడు వాడుకలో ఉన్న శాస్త్రీయ నామం జిజిఫస్ ఈనోప్లియా. శ్రీలంక నుంచి ఆగ్నేయాసియా మీదుగా ఉత్తర ఆస్ట్రేలియా దాకా ఈ మొక్క ఉంది. ప్రపంచం మొత్తం మీద చూస్తే అరుదైనదేమీ కాదు. మన చెల్కల అంచుల్లోనే అది అరుదైపోతోంది.

పరికికి చెట్టులా నిటారుగా నిలబడే గుణం లేదు. పక్కనున్న తుమ్మనో, వేపనో ఆసరా చేసుకుని పైకి పాకుతుంది. ఏ ఆసరా దొరక్కపోతే తన కొమ్మల మీద తానే పడి గుబురు కడుతుంది. ముల్లు వెనక్కి వంగి ఉంటుంది. అందుకే లోపలికి చెయ్యి పెట్టడం తేలిక, బయటికి తీయడమే కష్టం. ఆకు పైన పచ్చగా, కింద సన్నటి నూగుతో ఉంటుంది. కాయ మొదట ఆకుపచ్చ, తర్వాత ఎరుపు, పండితే నిగనిగలాడే నలుపు. లోపల గట్టి గింజ, దాని చుట్టూ పల్చటి పొర. ఆ పొరలోనే పులుపు, తీపి, కొంచెం వగరు. కడుపు నింపే పండు కాదు. అయినా బడి నుంచి ఇంటికొచ్చే పిల్లలు ఆ కంప దగ్గరే గంటలు గడిపేవారు, చొక్కాలు చించుకుని ఇంట్లో తిట్లు తినేవారు.

|| పక్క పెట్టె: ఏ కాలానికి ఏ పండు ||

*జనగామ, భూపాలపల్లి, మహబూబాబాద్ గుట్టలు, అడవుల్లో విత్తకుండా వచ్చే పండ్లు:*

*ఎండాకాలం: తునికి, మొర్రి, పాల పండ్లు. ఎండలు ముదిరాక ఈత పండ్లు.*

*తొలకరికి అటూ ఇటూ: కలివి పండ్లు, నేరేడు.*

*బతుకమ్మ, దసరా రోజుల నుంచి: సీతాఫలం.*

*చలికాలం: పరికి, రేగు, నేల రేగు.*

*ఏడాదిలో ఏ కాలంలోనూ కొండ ఖాళీగా ఉండదు. ఒకటి అయిపోయే వేళకు ఇంకొకటి అందుతుంది.*

కరువు తెలిసిన మొక్క

బచ్చన్నపేట పేరు చెబితే పాత వరంగల్ జిల్లాలో ఎవరికైనా ముందు గుర్తొచ్చేది కరువు. 2016 అక్టోబరు 11న కొత్త జిల్లాలు ఏర్పడి, ఈ మండలం జనగామ జిల్లాలోకి వచ్చింది. అప్పటిదాకా వరంగల్ జిల్లా పడమటి కొసన, ఏ పెద్ద నదికీ అందని ఎత్తు మీద ఉన్న ఊర్లుగానే వీటికి గుర్తింపు. ఎండిన బోర్లు, హైదరాబాద్‌కు, భీవండికి పోయిన వలసలు, ఇళ్లల్లో మిగిలిన ముసలివాళ్లు: ఈ తరానికి ఇదంతా విన్న కథ కాదు, చూసిన బతుకు.

"బతికుంటే బలుసాకు తినొచ్చు" అని మన సామెత. ఆ బలుసు కూడా ఈ కంపల్లోదే. రేగు, పరికి, కలివి మధ్య ముళ్లతో పెరిగే పొద అది. పంట పోయిన ఏడు ఏం తిని బతకాలో చెప్పిన సామెత ఇది. వానలు లేని ఏడాది వరి, మక్క, పత్తి ఎండిపోతాయి. రేగు ఎండదు. దాని తల్లివేరు చాలా లోతుకు దిగుతుంది. ఎండలు ముదిరే వేళకు ఆకు రాల్చేసుకుని నీటి ఖర్చు ఆపేస్తుంది. తొలకరి పడగానే కొత్త కొమ్మ వేసి, వానాకాలం చివర్లో ఆ కొమ్మ మీదే పూస్తుంది. చేలల్లో పని అయిపోయి, చేతిలో కూలి దొరకని చలికాలంలో కాయ అందిస్తుంది. కరువు నేలలో మనిషి ఆకలికి సరిపోయేలా కాలం కుదిరిన పంట ఇంతకు మించి మరొకటి నాకు కనిపించలేదు.

రేగుపండులో విటమిన్ సి నారింజ కంటే ఎక్కువ. కానీ అవ్వలు దాన్ని విటమిన్ల కోసం దాచలేదు. ఎండబెడితే ఏడాదంతా ఉంటుంది కాబట్టి దాచారు. ముళ్లున్న ఎండు కొమ్మలు చేను చుట్టూ కంచెగా వేశారు. గట్టి కట్టెను వ్యవసాయ పనిముట్లకు వాడారు. లక్క పురుగును పెంచే చెట్లలో రేగు ఒకటి. భూపాలపల్లి జిల్లా మహాదేవపూర్ దసలి పట్టుకు పేరున్న ఊరు. ఆ పట్టుపురుగు ముఖ్యంగా మద్ది ఆకు తింటుంది, రేగు ఆకు కూడా తింటుంది.

ఇక మేకలు. ఎండాకాలం ముందు ఆకు ఉన్నంతసేపు కాపరి దోటితో రేగు కొమ్మ వంచి కొడితే మంద అంతా అక్కడికి చేరుతుంది. మేక పెదవికి ముల్లు అడ్డం కాదు. రాజస్థాన్ ఎడారి పల్లెల్లో నేల రేగు కొమ్మలు కోసి, ఎండబెట్టి, కర్రతో కొట్టి ఆకు రాల్చి బస్తాలకెత్తుతారు. ఆ ఎండాకును 'పాలా' అంటారు, పశువుల మేతగా అమ్ముకుంటారు. మన దగ్గర అంత పద్ధతిగా దాచే అలవాటు లేకపోయినా, మేకల కాపరికి ఊరి చుట్టూ ఏ రేగు ఎప్పుడు చిగురేస్తుందో బాగా తెలుసు.

మల్లన్న ముంగిట గంగరేగు

బచ్చన్నపేటకు పక్కనే, ఇప్పుడు సిద్దిపేట జిల్లాలో ఉన్న కొమురవెల్లి. సంక్రాంతి తర్వాత మొదలై ఉగాది దాకా ప్రతి ఆదివారం అక్కడ జనమే జనం. మొదటి ఆదివారాన్ని పట్నం వారం, ఆ తర్వాతి దాన్ని లష్కర్ వారం అంటారు. హైదరాబాద్, సికింద్రాబాద్ భక్తులు ఆ వారాల్లో బండ్లు కట్టుకుని వస్తారు. మహాశివరాత్రికి పెద్దపట్నం. పసుపు, కుంకుమ, పచ్చటి ఆకు పొడులతో ఒగ్గు పూజారులు నేల మీద ముగ్గేసి, డోలు మోగుతుండగా మల్లన్న కథ చెబుతారు.

ఆ గుడి ఆవరణలో మొక్కులు తీరేది గంగరేగు చెట్టు కింద. భక్తులు అక్కడ బోనం వండుతారు, పట్నం వేయిస్తారు, ముడుపు కడతారు. మల్లన్న గొల్ల కురుమల దేవుడు. మందలు తోలుకుని గుట్టల వెంట తిరిగిన వాళ్ల దేవుడికి రేగు చెట్టు నీడ దొరకడం ఎంత సహజం! తమ మందను బతికించిన చెట్టు కిందే మొక్కు చెల్లిస్తున్నారు. ఈ వారాల్లోనే గుడి దారిలో రేగుపండ్లు అమ్మే గంపలు కనిపిస్తాయి. దేవుడి కాలం, పండు కాలం ఒకటే.

తెలంగాణ ఇళ్లల్లో సంక్రాంతి ముగ్గు మధ్య గొబ్బెమ్మ పెట్టి, దాని చుట్టూ గరక, పిండికూర, నవధాన్యాలు, రేగుపండ్లు పోస్తారు. భోగి నాడు చిన్నపిల్లల తల మీద రేగుపండ్లు, చిల్లర, పూలరేకులు కలిపి పోసే అలవాటు కూడా ఉంది. శబరి రాముడికి పెట్టింది రేగుపండ్లేనని జనం నమ్మిక. అంటే ఈ పండుకు గుడిలో చోటుంది, ముగ్గులో చోటుంది, కథలో చోటుంది. ఊరి భూమిలోనే చోటు తగ్గిపోయింది.

|| పక్క పెట్టె: రేగు వడియాలు ||

*బాగా పండి, కాస్త మెత్తబడ్డ నాటు రేగుపండ్లు కావాలి. ఆపిల్ బేర్ పనికిరాదు, అందులో నీళ్లెక్కువ, పులుపు తక్కువ.*

*పండ్లు కడిగి తుడిచి రోట్లో వేసి, గింజ నలగకుండా పైపైన దంచాలి. జీలకర్ర, ఉప్పు, పచ్చిమిర్చి లేదా ఎండుకారం, రుచికి తగ్గ బెల్లం వేసి మళ్లీ కలిసేదాకా దంచాలి. నిమ్మకాయంత ముద్ద తీసుకుని అరచేతిలో ఒత్తి, శుభ్రమైన బట్ట మీద ఎండబెట్టాలి. రెండు వైపులా గట్టిపడే దాకా ఎండాలి.*

*డబ్బాలో పెడితే ఏడాది నిల్వ ఉంటాయి. జ్వరం వచ్చి నోరు చప్పబడ్డ వాళ్లకు ఒక ముక్క ఇస్తే అన్నం సహిస్తుంది. గింజ ఉంటుంది కాబట్టి చిన్నపిల్లలకు ఇచ్చేటప్పుడు చూసి ఇవ్వాలి.*

బంజరు అని రాసిన భూమి

కంప ఎందుకు తగ్గింది? ఒక్క కారణం కాదు.

మొదటిది నీళ్లు. ఇది చెప్పడం నాకు కష్టంగానే ఉంది, ఎందుకంటే ఈ నేలకు నీళ్లు రావాలని అందరం కోరుకున్నాం. దేవాదుల ఎత్తిపోతల పథకంతో గోదావరి నీళ్లు జనగామ మెట్టకు ఎక్కాయి, చెరువులు నిండాయి. పడావు పడ్డ చెల్కలు మడులయ్యాయి. వలస పోయిన కొడుకులు తిరిగొచ్చారు. ఇది చిన్న మార్పు కాదు, దీన్ని ఎవరూ తక్కువ చేయకూడదు. కానీ మడి కట్టాలంటే గట్టు చదును కావాలి. పాతకాలంలో రెండు చెల్కల మధ్య మూడు నాలుగు బారల వెడల్పున గట్టు ఉండేది, దాని మీద రేగు, పరికి, తంగేడు, బలుసు అల్లుకుని ఉండేవి. జేసీబీ ఒక పూటలో ఆ గట్టును జానెడు చేసేస్తుంది. భూమి ధర పెరిగాక జానెడు నేల కూడా ఎవరూ వదలరు. రైతును తప్పుపట్టే మాట కాదిది. కానీ గట్టు పోవడంతో పరికికి ఉన్న పెద్ద ఇల్లు పోయింది.

రెండోది కాగితం. రేగు, పరికి, కలివి పెరిగే ముళ్లపొదల నేలకు ప్రభుత్వ లెక్కల్లో పేరు 'బంజరు'. హైదరాబాద్‌లోనే ఉన్న జాతీయ రిమోట్ సెన్సింగ్ కేంద్రం 2000 సంవత్సరం నుంచి ఉపగ్రహ చిత్రాల ఆధారంగా దేశంలోని బంజరు భూముల అట్లాసులు తయారు చేస్తోంది. దట్టమైన పొదలున్న నేల, పల్చటి పొదలున్న నేల రెండూ అందులో బంజరు వర్గాలే. ఆకాశం నుంచి చూసిన కన్నుకు అది ఖాళీగా కనిపించడంలో ఆశ్చర్యం లేదు. చెట్టు ఎత్తుగా లేదు, పంట లేదు. అయితే ఒకసారి బంజరు అని రాశాక ఆ నేల ఏ పనికైనా ఇవ్వదగ్గదిగా మారిపోతుంది. క్వారీకి, వెంచర్‌కు, సోలార్ పలకలకు, చివరికి మొక్కలు నాటే కార్యక్రమానికి కూడా. మొక్కలు నాటడం కోసం కంప కొట్టేయడం నాకు అన్నిటికంటే బాధ కలిగించే సంగతి. 2015 జులైలో మొదలైన హరితహారం రాష్ట్రమంతటా ఊరూరా నర్సరీలు తెచ్చింది. ఆ పనిలోని మంచి ఉద్దేశాన్ని శంకించను. కానీ పొదను పెరికి, గుంత తవ్వి, ఎక్కడి నుంచో తెచ్చిన పూలచెట్టు నాటితే పచ్చదనం పెరిగినట్టు లెక్కలో మాత్రమే ఉంటుంది.

ఊరి బంచరాయి కూడా అంతే. పశువుల మేతకని ఊరుమ్మడిగా వదిలిన ఆ భూములు ఏ ఏటికాయేడు కరిగిపోయాయి. 2017 జూన్‌లో బచ్చన్నపేటకు దగ్గరలోని కొండపాకలోనే గొర్రెల పంపిణీ పథకం మొదలైంది. ఒక్కో యూనిట్‌కు 20 గొర్రెలు, ఒక పొట్టేలు, 75 శాతం రాయితీ. గొల్ల కురుమల ఇళ్లకు మందలు వచ్చాయి. మరి ఆ మందలు మేసేదెక్కడ? గొర్రెకు లెక్క కట్టారు, దాని నోటికి అందే పొదకు కట్టలేదు. కాపరులు మందను లారీలెక్కించి దూరపు అడవులకు తోలుకుపోవడం, వరికోతల తర్వాత కొయ్యకాళ్ల మీద మేపడం చూస్తున్నాం. ఊరి చుట్టూ కంప మిగిలి ఉంటే ఆ ఖర్చులో కొంతైనా తగ్గేది.

మూడోది సర్కారు తుమ్మ. మధ్య, దక్షిణ అమెరికాల నుంచి వచ్చిన ఈ చెట్టును మన దేశంలో మొదట నాటిన చోట్లలో కడప జిల్లా కమలాపురం ఒకటి. అప్పటికి 1877 ప్రాంతం. వంటచెరకు కోసం తెచ్చారు. ఇప్పుడది చెరువు శిఖాల నుంచి రోడ్డు అంచుల దాకా పరుచుకుంది. ఖాళీ దొరికిన చోటల్లా ముందు అదే మొలుస్తుంది. పరికికి ఆసరా అవ్వాల్సింది పోయి దాని చోటు ఆక్రమిస్తుంది. దూరం నుంచి చూసేవాడికి రెండూ కంపలే. కొట్టేసినప్పుడు తుమ్మ మళ్లీ తొందరగా చిగురిస్తుంది, దాని నీడలో పడ్డ పరికి గింజకు మొలిచే అవకాశం చిక్కదు.

కలివి పొదలో దొరికిన పిట్ట

ముళ్లపొదల నేల ఖాళీది కాదని చెప్పడానికి మన తెలుగువాళ్లకు ఉన్నంత పెద్ద సాక్ష్యం ఇంకెవరికీ లేదు. అది కలివికోడి. 1848లో శాస్త్రలోకానికి తెలిసిన ఈ పిట్ట 1900 తర్వాత ఎవరికీ కనిపించలేదు. అంతరించిపోయిందనే అందరూ రాసేసుకున్నారు. 1986 జనవరిలో కడప జిల్లా లంకమల కొండల దిగువన, బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీకి చెందిన భరత్ భూషణ్ దాన్ని మళ్లీ కనిపెట్టారు. దారి చూపింది అక్కడి ఊళ్ల వాళ్లే. వాళ్లకు ఆ పిట్ట తెలుసు, పేరు కూడా ఉంది. కలివి పొదల్లో తిరిగే కోడి కాబట్టి కలివికోడి. తుమ్మ, రేగు, కలివి పల్చగా పరుచుకున్న నేల దానికి కావాలి. మరీ దట్టమైతే ఉండదు, పూర్తిగా నరికేసినా ఉండదు. దాని కోసమే శ్రీ లంకమల్లేశ్వర అభయారణ్యం ఏర్పాటైంది.

జనగామలో కలివికోడి లేదు. కానీ అదే రకం నేల ఉంది. కొడవటూరు సిద్ధులగుట్ట లాంటి రాతి గుట్టల అంచుల్లో పొదలు మిగిలిన చోట పొద్దున్నే నిలబడితే ఆ నేల ఎంత సందడిగా ఉంటుందో తెలుస్తుంది. పిగిలిపిట్టలు పండు మింగి గింజను ఇంకో చోట వేస్తాయి. నక్క కూడా రేగు తింటుంది, గింజ మోస్తుంది. నెమలి ఎండ పొద్దుకు పొద కింద చేరుతుంది. తెల్లటి రెక్కల మీద నల్ల చుక్కలున్న ఒక చిన్న సీతాకోకచిలుక తన గుడ్లు రేగు జాతి మొక్కల ఆకుల మీదే పెడుతుంది. దాని గొంగళిపురుగుకు ఆ ఆకే తిండి. రేగు పూత మనకు ఆనదు. ఆకు సందులో పసుపుపచ్చటి చిన్న గుత్తి, కాస్త ఘాటైన వాసన. ఆ వాసనకే ఈగలు, కందిరీగలు, తేనెటీగలు వాలతాయి. రేగులో కొన్ని చెట్ల పూలు పొద్దున విచ్చుకుంటాయి, కొన్నిటివి మధ్యాహ్నం. ఒక చెట్టు పుప్పొడి ఇంకో చెట్టుకు అందితేనే కాత బాగుంటుంది. ఊరంతా నరికి గుడి దగ్గర ఒక్క చెట్టు మిగిల్చితే పని జరగదు. చెట్టుకు తోడు కావాలి, ఆ రెంటి మధ్య ఎగిరే ఈగలు కూడా కావాలి.

|| పక్క పెట్టె: ఒక చోట తిండి, ఒక చోట బెడద ||

*మన నాటు రేగే ఆఫ్రికాలోని జింబాబ్వేలో, జాంబేజీ నది లోయలో 'మసావు' పేరుతో ఊరి పండు. పేద కుటుంబాలు ఏరి అమ్ముకుంటాయి, ఎండబెట్టి దాచుకుంటాయి, సారా కూడా కాస్తాయి.*

*అదే రేగు ఆస్ట్రేలియాలోని క్వీన్స్‌లాండ్‌లో పచ్చికబయళ్లను ఆక్రమించే కలుపు. అక్కడి పశువుల పెంపకందార్లు దాన్ని పెరికించడానికి డబ్బు ఖర్చు పెడతారు.*

*హిమాలయాల్లో పిల్లలు ఇష్టంగా తినే పసుపు రాస్బెర్రీ కంప హవాయి దీవుల్లో అడవిని మింగేస్తోంది. ప్రపంచంలోని వంద ప్రమాదకర చొరబాటు జాతుల జాబితాలో దాని పేరుంది.*

*మొక్కను దాని సొంత నేలలో, దాన్ని తినే నోళ్ల మధ్య ఉంచడమే సరైన పద్ధతి.*

ఆపిల్ బేర్ వచ్చింది కదా!

రేగు పోలేదు, పెద్దదై తిరిగొచ్చింది అనేవాళ్లున్నారు. ఈ మాటలో కొంత నిజముంది. జోధ్‌పూర్‌లోని కేంద్ర శుష్క ప్రాంత పరిశోధన సంస్థ, బికనేర్‌లోని కేంద్ర శుష్క ఉద్యాన సంస్థ రేగు మీద చేసిన పనికి రైతులు రుణపడి ఉన్నారు. గోలా, సేబ్, ఉమ్రాన్ రకాలు దేశమంతా తెలిసినవి. థాయ్‌లాండ్ నుంచి వచ్చిన ఆపిల్ బేర్ గత పదేళ్లలో తెలంగాణ చెల్కల్లోనూ తోటలుగా వచ్చింది. తక్కువ నీటితో తొందరగా కాపుకొచ్చే పంట కాబట్టి చిన్న రైతులు కొందరు ఆశపడి వేశారు. కొందరికి లాభం వచ్చింది. అందరి తోటలూ ఒకేసారి కాపుకొచ్చిన ఏడు ధర పడిపోయి చెట్లు కొట్టేసిన వాళ్లూ ఉన్నారు. పండు ఈగ తగిలితే కాయ లోపల పురుగు, అప్పుడు మందు కొట్టక తప్పదు.

నేను అనేది ఒకటే. ఆపిల్ బేర్ తోట పంట, అది కొనుక్కునే పండు. పరికి, నాటు రేగు ఎవరూ కొనక్కర్లేని పండ్లు. తండాలో ఉండే పిల్లకు, పట్టా భూమి లేని ముసలమ్మకు, మేకలు కాసే పిల్లగాడికి అవి అడగకుండా అందేవి. తోటకు కంచె ఉంటుంది, తాళం ఉంటుంది. ఒకదాన్ని చూపించి ఇంకొకటి లేకపోయినా ఫర్వాలేదు అనకూడదు. ఇంకో సంగతి: తోటలో వేసే మేలురకం మొక్క కూడా నాటు రేగు వేరు మీదే బతుకుతుంది. నాటు గింజ మొలిపించి, దాని కాండం మీద మేలురకం కన్ను అంటుకడతారు. లోతుకు పోయే వేరు, కరువును తట్టుకునే శక్తి ఆ నాటుదే. గుట్ట మీది రేగు పూర్తిగా పోతే రేపు తోట రైతుకూ వేరు దొరకదు.

ఊరి చేతిలో ఉన్న పని

దీనికి కొత్త చట్టం అక్కర్లేదు. 2002 జీవవైవిధ్య చట్టం ప్రకారం ప్రతి గ్రామ పంచాయతీలో జీవవైవిధ్య యాజమాన్య కమిటీ ఉండాలి. ఊళ్లో ఏ మొక్క ఎక్కడుంది, దాన్ని ఎవరు ఎలా వాడుకుంటున్నారు అన్నది ప్రజా జీవవైవిధ్య రిజిస్టర్‌లో రాయాలి. తెలంగాణ జీవవైవిధ్య మండలి దానికి సాయం చేస్తుంది. హైదరాబాద్ శివారులోని అమీన్‌పూర్ చెరువుకు 2016లో జీవవైవిధ్య వారసత్వ స్థలం గుర్తింపు వచ్చింది ఈ చట్టం కిందే. బచ్చన్నపేట మండలంలోని ఏ పంచాయతీ అయినా తన గుట్టల మీద పరికి ఎక్కడ మిగిలి ఉందో ఆ రిజిస్టర్‌లో సర్వే నంబరుతో సహా ఎక్కించుకోవచ్చు. రేపు క్వారీకో వెంచర్‌కో ఆ నేల అడిగినప్పుడు పంచాయతీ చేతిలో ఒక కాగితం ఉంటుంది. మేకల కాపరులను, పండ్లు ఏరే ఆడవాళ్లను పిలిచి అడిగితే ఒక్క మధ్యాహ్నంలో ఆ పేజీ నిండుతుంది. వాళ్లకు తెలిసినంత ఎవరికీ తెలియదు.

ఉపాధి హామీ కింద కంప కొట్టే పని పెట్టేటప్పుడు సర్కారు తుమ్మను, పరికిని వేరు చేసి చూపించే బాధ్యత కూడా వాళ్లకే ఇవ్వాలి. సర్కారు తుమ్మ పోతే ఊరికి మేలే. పరికి పోకూడదు. పంచాయతీ నర్సరీలో వెయ్యి మొక్కల మధ్య యాభై నాటు రేగు, పాతిక పరికి పెట్టడానికి ప్రత్యేక బడ్జెట్ కూడా అక్కర్లేదు, గింజ ఉచితంగానే దొరుకుతుంది. నాటాల్సింది బడి ఆవరణలో కాదు, అక్కడ ముల్లు గుచ్చుకుంటుంది. చెరువు కట్ట వెలుపలి వైపు, శ్మశానం హద్దున, గుట్ట దిగువన, చేను చుట్టూ సోలార్ తీగ కట్టాల్సిన చోట. అడవి పందులతో విసిగిపోయిన రైతులకు అల్లుకున్న పరికి వరుస కంచెగా చాలావరకు పనికొస్తుంది. పైగా దానికి కరెంటు బిల్లు రాదు.

నాటు రేగు గింజను ఇంట్లోనే మొలిపించుకోవచ్చు. సంక్రాంతికి తిన్న పండ్ల గింజలు పారేయకుండా కడిగి, నీడలో ఆరబెట్టి దాచాలి. పైన ఉండే పెంకు చాలా గట్టిది, అలాగే నాటితే మొలకెత్తడానికి వారాలు పడుతుంది. అందుకే మే చివర్లో చిన్న సుత్తితో జాగ్రత్తగా పగలగొట్టి లోపలి పప్పు నలగకుండా తీయాలి. రాత్రంతా నీళ్లలో నానబెట్టి, పొడవాటి సంచుల్లో నాటాలి. పొడవాటివే ఎందుకంటే వేరు ముందు కిందికి పరుగెత్తుతుంది, పొట్టి సంచిలో మెలిక పడితే ఆ మొక్క తర్వాత సరిగా పెరగదు. లేదంటే తొలకరి పడ్డాక గట్టు మీదే గింజ వేసేయడం ఇంకా మంచిది. మొదటి రెండేళ్లు మేకల నోటికి అందకుండా చుట్టూ ఎండు కంప వేయాలి. పరికి గింజ చిన్నది, దాన్ని పగలగొట్టే పని పెట్టుకోవద్దు. నానబెట్టి ఒక్కో గుంతలో నాలుగైదు వేస్తే చాలు, పక్కన పాకడానికి ఒక వేపో నాటు తుమ్మో ఉండేలా చూసుకోవాలి.